ఏ వారానికీ చెందని రోజు

ఫిబ్రవరి 30 అనే తేదీ మన క్యాలెండర్‌లో ఉండదు. జె.ఆర్.ఆర్. టోల్కీన్ రాసిన 'ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్'లో మాత్రం ఉంది. 1955 అక్టోబరులో బ్రిటన్‌లో వెలువడిన మూడో సంపుటం చివర, కథలో జరిగినవన్నీ తేదీలవారీగా రాసిన పట్టిక ఒకటి కనబడుతుంది. చెట్లను పోలిన ఎంట్లు అనే మహాకాయులు యుద్ధం సంగతి తేల్చుకోవడానికి సభ తీరింది ఫిబ్రవరి 30న అని అందులో రాసి ఉంటుంది. అది అచ్చుతప్పు కాదు. ఆ కథ నడిచే లోకంలో ఏ నెలకైనా 30 రోజులే.

కొత్త లోకాలను కల్పించే రచయితలు పటాలు గీస్తారు, రాజవంశాలు అల్లుతారు, కొందరు భాషలు కూడా కడతారు. కాలగణన దగ్గరికి వచ్చేసరికి చాలామంది నెలలకు నాలుగు వింత పేర్లు తగిలించి ఊరుకుంటారు. జనవరిని 'మంచునెల' అన్నంత మాత్రాన కొత్త క్యాలెండర్ పుట్టదు. లెక్క మొత్తం శేషంలో ఉంది. ఏడాదిని రోజులతో భాగిస్తే కొంత మిగిలిపోతుంది. నెలలతో భాగించినా, వారాలతో భాగించినా అంతే. ఆ మిగిలినదాన్ని ఎక్కడ సర్దారు, ఎన్నాళ్లకోసారి సర్దారు, సర్దడం మరిచిపోతే ఏం జరిగింది అన్నది చూస్తే ఆ లోకంలోని మనుషులు ఎలాంటివాళ్లో తెలుస్తుంది. కల్పిత క్యాలెండర్‌ను పరీక్షించడానికి ఇంతకన్నా మంచి గీటురాయి నాకు కనబడలేదు.

శేషం ఎందుకు మిగులుతుందో ముందు చూద్దాం. భూమి తన చుట్టూ తాను తిరిగే వేగానికీ, సూర్యుణ్ని చుట్టివచ్చే కాలానికీ ఏ ముడీ లేదు. ఋతువుల ప్రకారం చూస్తే ఏడాది అంటే 365.2422 రోజులు. చంద్రుడి లెక్క మళ్లీ వేరు. అమావాస్య నుంచి అమావాస్యకు సగటున 29.5306 రోజులు. పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354.37 రోజులే వస్తాయి, ఏడాదికి దాదాపు 11 రోజులు తక్కువ. ఈ మూడింటిలో ఏ రెండూ ఒకదానితో ఒకటి నిశ్శేషంగా భాగింపబడవు.

మానవజాతి దీనికి మూడు దారులు వెతుక్కుంది. ఇస్లామీయ క్యాలెండర్ చంద్రుణ్ని పట్టుకుని సూర్యుణ్ని వదిలేసింది. అందుకే రంజాన్ ఒకసారి ఎండాకాలంలో, మరోసారి చలికాలంలో వస్తూ సుమారు 33 ఏళ్లలో ఋతువులన్నీ చుట్టివస్తుంది. మనం ఆఫీసుల్లో వాడే గ్రెగోరియన్ క్యాలెండర్ సూర్యుణ్ని పట్టుకుని చంద్రుణ్ని వదిలేసింది. మన పంచాంగం ఇద్దర్నీ వదలలేదు. సూర్యుడు ఒక రాశి నుంచి మరో రాశిలోకి అడుగుపెట్టడం సంక్రమణం. రెండు అమావాస్యల మధ్య సంక్రమణం లేకుండా ఒక నెల గడిచిపోతే అది అధిక మాసం. 2023లో శ్రావణం అలా వచ్చింది, 2026లో జ్యేష్ఠం వచ్చింది. సుమారు 32, 33 నెలలకోసారి, 19 ఏళ్లలో ఏడుసార్లు ఇలా జరుగుతుంది. 19 సంవత్సరాలకూ 235 చాంద్రమాసాలకూ ఉన్న తేడా రెండు గంటలే. గ్రీసులో మెటన్ ఈ చక్రాన్ని క్రీ.పూ. 432లో ప్రకటించాడు. మన ఇళ్లలో అధిక మాసం అంటే పెళ్లిళ్లు ఉండవు, దానాలకూ జపాలకూ మంచిదంటారు. లెక్కలో మిగిలిన నెలకు సమాజం ఒక స్వభావాన్ని కట్టబెట్టింది.

మిగిలిన రోజుల విషయంలో నాగరికతలన్నీ ఇదే పని చేశాయి. ప్రాచీన ఈజిప్టువాళ్లు 30 రోజుల నెలలు పన్నెండు పెట్టుకుని, చివర ఐదు రోజులు విడిగా ఉంచారు. ఆ ఐదు రోజుల్లోనే ఒసిరిస్, ఐసిస్ మొదలైన ఐదుగురు దేవతలు పుట్టారని కథ కట్టారు. మాయావాళ్లు 20 రోజుల నెలలు పద్దెనిమిది పెట్టుకున్నారు. వాళ్లకూ ఐదు రోజులు మిగిలాయి. వాటిని అశుభ దినాలుగా చూసి భయపడ్డారు. శేషం ఒకటే, ఒకచోట పండుగ అయింది, మరోచోట కీడు అయింది.

ఇప్పుడు టోల్కీన్ దగ్గరికి వద్దాం. ఆయన లోకంలో షైర్ అనే పల్లెసీమ ఉంది. అక్కడ ఉండేది హాబిట్లు, పొట్టిగా, తిండిపుష్టితో, సేద్యం చేసుకుంటూ బతికే జనం. వాళ్ల క్యాలెండర్ వివరమంతా మూడో సంపుటంలోని నాలుగో అనుబంధంలో ఉంది. నెలకు 30 రోజుల చొప్పున పన్నెండు నెలలు, అంటే 360 రోజులు. మిగిలిన ఐదింటినీ ఏ నెలలోనూ కలపలేదు. ఏడాది చివరి రోజు ఒక యూల్, కొత్త ఏడాది మొదటి రోజు రెండో యూల్. ఆరో నెలకూ ఏడో నెలకూ మధ్య నడివేసవిలో మూడు రోజులు: మొదటి లైద్, నడి ఏటి రోజు, రెండో లైద్. నాలుగేళ్లకోసారి వచ్చే లీపు రోజును నడి ఏటి రోజు పక్కన పెట్టారు. దాని పేరు ఓవర్‌లైద్, ఆ రోజు విందు మామూలు విందు కాదు. హాబిట్లు శేషానికి భయపడరు, అన్నం పెడతారు. నెలల పేర్లకు టోల్కీన్ పాత ఇంగ్లీషు నెలల పేర్లను ఆధారం చేసుకున్నాడు. వాటిని 8వ శతాబ్దంలో బీడ్ అనే సన్యాసి తన కాలగణన గ్రంథంలో నమోదు చేశాడు. కథలో మాత్రం పాఠకుడికి తికమక లేకుండా జనవరి, ఫిబ్రవరి అనే రాశాడు. ఫిబ్రవరి 30 అలా పుట్టింది.

ఇంతవరకు ఉన్నది ఈజిప్టు లెక్కే. ఆ తర్వాత హాబిట్లు చేసినదే అసలు విశేషం. 365ను ఏడుతో భాగిస్తే 52 వారాలు పోగా ఒక రోజు మిగులుతుంది. అందుకే ఈ ఏడాది సోమవారం వచ్చిన మీ పుట్టినరోజు వచ్చే ఏడాది మంగళవారం వస్తుంది, మధ్యలో లీపు రోజు పడితే బుధవారానికి గెంతుతుంది. హాబిట్లకు ఇది చిరాకనిపించింది. రెండో ఐసెన్‌గ్రిమ్ అనే పెద్ద కాలంలో అందరూ కలిసి ఒక తీర్మానం చేసుకున్నారు. నడి ఏటి రోజుకు వారం పేరు ఉండకూడదు. ఓవర్‌లైద్‌కూ ఉండకూడదు.

ఈ చిన్న మార్పుతో ఏం జరిగిందో కాగితం మీద వేసి చూడండి. రెండో యూల్ ఒక రోజు, ఆరు నెలలు 180 రోజులు, మొదటి లైద్ ఒకటి, మొత్తం 182. అంటే సరిగ్గా 26 వారాలు. వాళ్ల వారం మన శనివారానికి సమానమైన రోజుతో మొదలై శుక్రవారానికి సమానమైన రోజుతో ముగుస్తుంది. ఏడాది మొదటి సగం శుక్రవారంతో పూర్తవుతుంది. ఆపైన వారం పేరు లేని రోజు. దాని మర్నాడు శనివారంతో రెండో సగం మొదలై, మళ్లీ 182 రోజులకు శుక్రవారంతో ఏడాది ముగుస్తుంది. ఏ తేదీ ఏ వారమో ఇక ఎన్నటికీ మారదు. ఒక్కో నెల మొదటి రోజు ముందటి నెలకన్నా రెండు వారాల పేర్లు జరుగుతూ ఆది, మంగళ, గురు, శని, సోమ, బుధవారాలుగా వస్తుంది. ఒకటో తేదీ శుక్రవారం ఎప్పటికీ రాదు. అందుకే షైర్‌లో 'ఒకటో తేదీ శుక్రవారం' అంటే ఎన్నడూ రాని రోజని హాస్యంగా వాడేవాళ్లు. ఉత్తరాల్లో వారం రాయడం కూడా మానేశారు, తేదీ చెబితే వారం తెలిసిపోతుంది కాబట్టి. పక్కనున్న బ్రీ ఊరు దాటి వెళ్తే మాత్రం ఇబ్బంది పడేవారని టోల్కీన్ ఒక వాక్యం కలిపాడు. ఆ వాక్యం చదివినప్పుడు నాకు ఈ క్యాలెండర్ మీద పూర్తి నమ్మకం కుదిరింది. ఎవరో కొందరు మార్చుకున్న లెక్కను మిగతా లోకం మార్చుకోకపోతే మొదట ఇబ్బంది పడేది ప్రయాణికుడే.

ఈ ఆలోచన కథలకే పరిమితం కాలేదు. పేరులేని రోజును నిజంగానే ఐక్యరాజ్యసమితి ముందు పెట్టారు. అమెరికాకు చెందిన ఎలిజబెత్ అకెలిస్ 1930 నుంచి ప్రచారం చేసిన 'ప్రపంచ క్యాలెండర్' ఇదే సూత్రం మీద కట్టింది. మూడేసి నెలల నాలుగు పాదాలు, పాదానికి 91 రోజులు, అంటే 13 వారాలు. మొత్తం 364. మిగిలిన ఒక్క రోజు డిసెంబరు 30 తర్వాత వారం పేరు లేకుండా వస్తుంది. లీపు రోజు జూన్ 30 తర్వాత, అదీ పేరు లేకుండానే. దీన్ని సమితి ముందుకు తెచ్చింది మన దేశమే. ఖగోళ భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా 1954లో జెనీవా వెళ్లి దీని తరఫున వాదించాడు. ఆయన అప్పటికే మన పంచాంగాల సంస్కరణ సంఘానికి అధ్యక్షుడు. దేశంలో ఉన్న అనేక పంచాంగాలను పరిశీలించిన ఆ సంఘం నివేదిక 1955లో వచ్చింది. అదే ఏడాది హాబిట్ల సంస్కరణ అచ్చులోకి వచ్చింది. అదే ఏడాది అమెరికా ప్రభుత్వం ప్రపంచ క్యాలెండర్‌ను వ్యతిరేకించింది, మరుసటి ఏడాది సమితి దాన్ని పక్కన పెట్టేసింది.

లెక్కలో దోషం ఏమీ లేదు. అభ్యంతరం మతాల నుంచి వచ్చింది. యూదులకు ఏడో రోజు విశ్రాంతి దినం. వేల ఏళ్లుగా తెగకుండా వస్తున్న ఆ ఏడు రోజుల గొలుసులో మధ్యన ఒక పేరులేని రోజు దూరిస్తే, ఆ తర్వాత వచ్చే శనివారం నిజంగా శనివారమేనా? మన సంగతే తీసుకోండి. వేంకటేశ్వరుడికి శనివారం ఉపవాసం ఉండే ఇంట్లో, శనివారానికీ ఆదివారానికీ మధ్య వచ్చిన అనామక దినాన్ని ఏం చెయ్యాలి? మేఘనాద్ సాహా వంటి మేధావికి ఇది చిన్న సర్దుబాటుగా తోచి ఉండవచ్చు. వారం ఆకాశం నుంచి వచ్చింది కాదు, ఏ గ్రహమూ ఏడు రోజుల్లో తిరగదు. అయినా రోజు తర్వాత అంత గట్టిగా నిలబడినది వారమే. ఫ్రెంచి విప్లవకారులు 1793లో పది రోజుల వారం పెట్టి చూశారు. నెలకు 30 రోజులు, చివర ఐదారు పండుగ రోజులు, దాదాపు హాబిట్ల లెక్కే. కూలివాడికి మాత్రం ఏడు రోజులకోసారి దొరికే సెలవు పది రోజులకు జరిగింది. 1806 జనవరి 1 నాటికి ఆ క్యాలెండర్ రద్దయింది. పనిచేసేవాళ్ల విశ్రాంతిని కోసి కట్టిన కాలగణన నిలవకపోవడమే న్యాయం.

టోల్కీన్ మరో జాతికి, ఎల్ఫులకు, వేరే లెక్క ఇచ్చాడు. ఎల్ఫులకు సహజ మరణం లేదు. ఏడాది వాళ్లకు చాలా చిన్న కొలత. అందుకని 144 సౌర సంవత్సరాలను ఒక యేన్ అన్నారు. అంటే 52,596 రోజులు. వాళ్ల వారానికి ఆరు రోజులు, కాబట్టి ఒక యేన్‌లో సరిగ్గా 8,766 వారాలు, శేషం సున్నా. ఏడాదిలో నెలల బదులు ఆరు ఋతువులు. మనకూ ఆరే అని చదివేవాళ్లకు వెంటనే తడుతుంది. మనవి రెండేసి నెలల సమభాగాలు. ఎల్ఫుల ఋతువులు సమానం కావు. వేసవి, చలికాలం 72 రోజుల చొప్పున, మిగతా నాలుగూ 54 రోజుల చొప్పున. వాటిలో ఆకు వాడే కాలం ఒకటి, చలి చివర మొలక కదిలే కాలం ఒకటి ఉన్నాయి. వర్షర్తువు లేదు. రుతుపవనాలు లేని దేశంలో కూర్చుని రాసిన లోకం అది, ఏ మబ్బు ఏ నెలలో రావాలో కూడా నేలే నిర్ణయిస్తుంది.

ఈ ఆరూ కలిపితే 360, విడి రోజులు ఐదు. మిగిలిన పావు రోజును నాలుగేళ్లకోసారి సర్దే తొందర వాళ్లకు లేదు. పన్నెండేళ్లు ఆగి మూడు రోజులు ఒకేసారి కలుపుతారు. పావు రోజు అనేది కాస్త ఎక్కువ లెక్క కాబట్టి, ప్రతి మూడో యేన్ చివర ఆ మూడు రోజులు కలపడం మానేస్తారు. మూడు యేన్‌లు అంటే 432 సంవత్సరాలు. మన కలియుగం 4,32,000 సంవత్సరాలు. ఈ రెంటికీ సంబంధం లేదు, పన్నెండు గుణిజాలతో లెక్క కట్టే ఎవరికైనా ఈ అంకెలు తగులుతాయి. గ్రెగోరియన్ పద్ధతిలో 400 ఏళ్లలో మూడు రోజులు తగ్గిస్తారు, ఎల్ఫులు 432 ఏళ్లలో మూడు రోజులు తగ్గిస్తారు. దగ్గరి చుట్టాలే. మరణం లేనివాళ్లకు ఓపిక ఎంత ఉంటుందో పన్నెండేళ్లకోసారి తీర్చే ఆ బాకీలో కనబడుతుంది.

నాకు అన్నిటికన్నా ఇష్టమైనది మనుషుల క్యాలెండర్, న్యూమెనార్ అనే ద్వీపరాజ్యానిది. అందులో లెక్క తప్పుతుంది, అదీ చరిత్ర వల్ల తప్పుతుంది. నాలుగేళ్లకోసారి ఒక రోజు కలుపుతారు, శతాబ్దం చివరి ఏడాది కలపరు. అంటే వందేళ్లకు 24 లీపు రోజులు, వెయ్యేళ్లకు 240. అసలు కావలసింది ఎంత? ఆ లోకపు ఏడాది మన ఏడాదంతే, 365 రోజుల 5 గంటల 48 నిమిషాల 46 సెకన్లు అని టోల్కీన్ స్పష్టంగా చెప్పాడు. రోజులు పోను మిగిలేది 20,926 సెకన్లు. వెయ్యేళ్లకు 2,09,26,000 సెకన్లు. 240 రోజులంటే 2,07,36,000 సెకన్లు. తేడా 1,90,000 సెకన్లు, అంటే రెండు రోజుల 4 గంటల 46 నిమిషాల 40 సెకన్లు. వెయ్యో ఏట రెండు రోజులు అదనంగా కలిపితే లోటు 4 గంటల 46 నిమిషాల 40 సెకన్లకు దిగుతుంది. టోల్కీన్ తన అనుబంధంలో ఇచ్చిన అంకె సెకనుతో సహా ఇదే.

న్యూమెనార్ సముద్రంలో మునిగిపోయింది. బతికి బయటపడ్డవాళ్లు ఆ లెక్కను వెంట తెచ్చుకున్నారు. తర్వాత కొత్త యుగం మొదలైందని సంవత్సరాలను మళ్లీ ఒకటి నుంచి లెక్కపెట్టారు. దాంతో లీపు సంవత్సరం మూడో ఏట రావలసింది నాలుగో ఏటికి జరిగింది, ఒక పొట్టి ఏడాది మధ్యలో చొరబడింది. వెయ్యేళ్లకోసారి చేసే సర్దుబాటు 441 ఏళ్లు ఆలస్యమైంది. మార్డిల్ అనే పాలకుడు 2060లో క్యాలెండర్‌ను దిద్దాడు. అయినా కొన్ని గంటల లోటు ఉండిపోయింది. హడోర్ అనే మరొకడు ఇంకో రోజు కలిపాడు. మూడువేలో ఏట మళ్లీ సర్దవలసిన సమయానికి యుద్ధం ముంచుకొస్తోంది, ఎవరూ దాని జోలికి పోలేదు. మన చరిత్రలోనూ అంతే. రోములో జూలియస్ సీజర్ క్రీ.పూ. 45లో మొదలుపెట్టిన క్యాలెండర్ శతాబ్దాల తరబడి కొద్దికొద్దిగా జరిగి, 1582 అక్టోబరు 4 మర్నాడు 15వ తేదీ అని పోప్ గ్రెగరీ ప్రకటించవలసి వచ్చింది. బ్రిటన్ ఆ దిద్దుబాటును 1752 దాకా ఒప్పుకోలేదు. స్వీడన్ మెల్లగా మారదామని మొదలుపెట్టి, మధ్యలో యుద్ధాల్లో చిక్కుకుని, లెక్క కలగాపులగమై, చివరకు వెనక్కి వెళ్లడానికి 1712లో నిజంగానే ఫిబ్రవరి 30ని జరుపుకుంది. టోల్కీన్ కల్పించిన పొరపాట్లు ఇలాంటివే. క్యాలెండర్‌ను తప్పించేది లెక్క రాకపోవడం కాదు, పట్టించుకునే తీరిక లేకపోవడం.

ఆయన చంద్రుణ్ని కూడా వదల్లేదు. 1944 మేలో కొడుకు క్రిస్టఫర్‌కు రాసిన ఉత్తరంలో, తన కథలో చంద్రుడు ఒకచోట ఉదయిస్తూ అదే వేళకు మరోచోట అస్తమిస్తున్నాడని గుర్తించి, పాత అధ్యాయాలను దిద్దడానికి మధ్యాహ్నమంతా పట్టిందని చెప్పాడు. విడిపోయిన రెండు బృందాలు వేర్వేరు దారుల్లో నడుస్తుంటే, ఇద్దరి నెత్తిన ఉన్న చంద్రుడు ఒక్కడే కావాలి కదా.

మనమే ఒక లోకం కట్టి చూద్దాం. అక్కడ ఏడాదికి 400.3 రోజులు, చంద్రుడి నెల 31.2 రోజులు అనుకుందాం. పన్నెండు నెలలు వేస్తే 374.4 రోజులు, ఏడాదికి 25.9 రోజులు తక్కువ. పదమూడు వేస్తే 405.6, ఏడాదికి 5.3 రోజులు ఎక్కువ. ఐదేళ్ల పాటు పదమూడు నెలలు నడిపితే 26.5 రోజులు ఎక్కువవుతాయి. ఆరో ఏడు పన్నెండు నెలలతో ఆపితే అందులో 25.9 పోతాయి. మిగిలేది 0.6 రోజు. అంటే ఆరేళ్ల చక్రంలో 77 నెలలు.

ఇక్కడ అధిక మాసం వింత కాదు, దాదాపు ప్రతి ఏడూ ఉంటుంది. వింత ఏమిటంటే అది రాని ఏడు. ఆరేళ్లకోసారి ఒక నెల మాయమవుతుంది. ఆ నెలలో పుట్టినవాళ్లు పుట్టినరోజు ఎప్పుడు చేసుకోవాలి? ఆ నెల పేరున పన్ను కట్టే రైతుకు ఆ ఏడు పన్ను మాఫీనా? నెల జీతానికి పనిచేసే సైనికుడు ఒక నెల జీతం పోయిందంటాడా? ఆ ఏటికి 'కొరత ఏడు' అని పేరు పెట్టి, అప్పులన్నీ ఆ ఏడే తీర్చాలని ఒక శాసనం చేస్తే సగం కథ తయారవుతుంది. మిగతా సగం ఆ 0.6 రోజులో ఉంది. ప్రతి చక్రానికీ కొత్త సంవత్సరం 0.6 రోజు ఆలస్యమవుతూ, 52 చక్రాలకు, అంటే 312 ఏళ్లకు, సరిగ్గా ఒక నెల ఆలస్యమవుతుంది. కోతల పండుగ పంట ఇంటికి చేరిన నెలకు వస్తుంది. అప్పుడు ఒక నెలను అదనంగా తీసెయ్యాలి. కొండ మీది గుడి తీసేస్తుంది, రేవు పట్టణం ఒప్పుకోదు. ఒకే భాష మాట్లాడే రెండు ఊళ్లు ఒకే పండుగను నెల తేడాతో చేసుకుంటాయి. ఇవేవీ నేను తెచ్చి అతికించినవి కావు, 400.3నీ 31.2నీ పక్కపక్కన పెట్టగానే వచ్చినవి.

ఋతువులను నమ్మలేని లోకాలూ ఉన్నాయి. జార్జ్ ఆర్.ఆర్. మార్టిన్ 1996లో మొదలుపెట్టిన నవలల వరుసలో వేసవి, చలికాలం ఒక్కొక్కటి ఏళ్ల తరబడి నడుస్తాయి. ఎప్పుడు మారతాయో ఎవరికీ తెలియదు. అలాంటిచోట ఏడాదిని ఋతువులతో కొలవలేరు, నక్షత్రాలే గతి. సూర్యుడు ఫలానా నక్షత్రం దగ్గరికి మళ్లీ వచ్చేసరికి ఒక ఏడాది. మన సంక్రాంతి ఆ పద్ధతిలోదే. భూమి అక్షం బొంగరంలా మెల్లగా ఊగడం వల్ల నక్షత్రాలతో కొలిచిన ఏడాది ఋతువులతో కొలిచినదానికన్నా 20 నిమిషాలు ఎక్కువ. సుమారు 1700 ఏళ్ల కిందట మకర సంక్రమణం, ఉత్తరాయణ ఆరంభం ఒకే రోజున వచ్చేవి. ఇప్పుడు పగలు పెరగడం డిసెంబరు 22 ప్రాంతంలోనే మొదలవుతుంది, మనం సంక్రాంతి జరుపుకునేది జనవరి 14, 15 తేదీల్లో. వివేకానందుడు పుట్టింది 1863 జనవరి 12న, ఆ రోజు మకర సంక్రాంతి. నూటయాభై ఏళ్లలో పండుగ రెండు మూడు రోజులు జరిగిందన్నమాట. సాహా సంఘం దీన్ని దిద్దాలని చెప్పింది. 1957 మార్చి 22న అమల్లోకి వచ్చిన జాతీయ శక క్యాలెండర్ ఋతువులను పట్టుకుంది. గెజెట్ మీద ఆ తేదీ కనబడుతుంది, ముగ్గు వేసే వాకిలికి మాత్రం చేరలేదు.

ఇక నిజంగానే మనిషి వెళ్లాలనుకుంటున్న వేరే లోకం అంగారకుడు. అక్కడి పగలూ రాత్రీ కలిపిన దినాన్ని సోల్ అంటారు, 24 గంటల 39 నిమిషాల 35 సెకన్లు. ఏడాదికి సుమారు 668.59 సోల్‌లు. 1985లో థామస్ గాంగేల్ అనే అమెరికన్ దీనికి ఒక క్యాలెండర్ రూపొందించి, తన కొడుకు పేరు మీద డేరియన్ క్యాలెండర్ అన్నాడు. 24 నెలలు. వరుసగా ఐదు నెలలకు 28 సోల్‌లు, ఆరోదానికి 27. ఇలా నాలుగుసార్లు వేస్తే 668. మిగిలిన 0.59 కోసం పదేళ్లలో ఆరేళ్లకు ఒక్కో సోల్ కలపాలి. అంటే అక్కడ లీపు ఏడే ఎక్కువ, మామూలు ఏడు తక్కువ. నెలల పేర్లు రాశులవి, లాటిన్‌లో ఒకటి, సంస్కృతంలో ఒకటి. సాజిటేరియస్ తర్వాత ధనుస్సు, కేప్రికార్నస్ తర్వాత మకరం, ఇలా.

పేర్లు నాకు ముచ్చటగా ఉన్నాయి గానీ, సమానమైన నెలలు అంగారకుడికి నప్పవని నా అభిప్రాయం. దాని కక్ష్య భూకక్ష్య కన్నా బాగా సాగిన దీర్ఘవృత్తం. సూర్యుడికి దూరంగా ఉన్నప్పుడు మెల్లగా, దగ్గరైనప్పుడు వేగంగా నడుస్తుంది. ఉత్తరార్ధగోళంలో వసంతం 194 సోల్‌లు, వేసవి 178, శరత్తు 142, చలికాలం 154. ధూళి తుపానులు ఎప్పుడు లేస్తాయో చూసుకోవలసిన శాస్త్రవేత్తకు తేదీ కన్నా సూర్యుడు ఎక్కడున్నాడన్నదే ముఖ్యం. అందుకని పరిశోధకులు 1955 ఏప్రిల్ 11న మొదలైన అంగారక సంవత్సరాన్ని మొదటిదిగా తీసుకుని, వసంత విషువత్తు నుంచి సూర్యుడి స్థానాన్ని 0 నుంచి 360 డిగ్రీల వరకు కొలుస్తారు. అంగారక వాతావరణ నమూనాలు కట్టే పారిస్‌లోని ఎల్‌ఎండి ప్రయోగశాల ఆ వృత్తాన్ని 30 డిగ్రీల చొప్పున పన్నెండు నెలలు చేసింది. 30 డిగ్రీలు దాటడానికి ఎన్ని సోల్‌లు పడితే నెల అంత పొడవు. అతి చిన్న నెలకు దాదాపు 46 సోల్‌లు, అతి పెద్దదానికి దాదాపు 67.

మన సౌరమాసం కట్టింది ఇదే సూత్రంతో, మొదటి డిగ్రీని నక్షత్రాల నుంచి లెక్కపెట్టడం ఒక్కటే తేడా. సూర్యుడు మిథునం దాటడానికి 31 రోజులకు పైగా పడుతుంది, ధనుస్సును 29న్నర రోజుల లోపే దాటేస్తాడు. జనవరి మొదటి వారంలో భూమి సూర్యుడికి అతి దగ్గరగా వస్తుంది కాబట్టి ధనుర్మాసం పొట్టిది. ఈ అంగారక లెక్క ప్రకారం 2014 సెప్టెంబరు 24న మంగళయాన్ ఆ గ్రహ కక్ష్యలోకి చేరేనాటికి అక్కడ 32వ సంవత్సరం, ఏడో నెల నడుస్తోంది.